మా బావ తీసిన కొరివికారం

ఆ రోజుల్లో గుంటూరు నుంచి సినిమాల్లోకి వెళ్ళాలంటే అందమన్నా ఉండాలి, గొంతన్నా ఉండాలి, అవి రెండూ లేకపోతే మద్రాసులో ఒక మేనమామన్నా ఉండాలి. నాకు మూడూ లేవు. ఉన్నదల్లా ఒక మొహం. దాని సంగతి నేను చెప్పుకునేకంటే మా ఎనిమిదో తరగతి మాస్టారి మాటల్లో చెప్పడం న్యాయం. బడి మానేస్తున్నానని చెప్పడానికి వెళితే ఆయన నన్ను కిందా మీదా చూసి, "పోన్లేరా, ఇన్‌స్పెక్టరుగారు వచ్చినప్పుడల్లా నిన్ను వెనక బెంచీలో దాచే పని తప్పింది" అన్నాడు. (చదువు రాదని దాస్తున్నాడనుకున్నాను. నాకంటే చదువు రానివాళ్ళు ముందు బెంచీల్లోనే కూర్చునేవాళ్ళని తర్వాతెప్పుడో గుర్తొచ్చింది.) అలాంటి మొహానికి ఎదురుగా దీపాలు పెట్టించి, కెమెరా పెట్టించి, "నాకు కావలసింది ఇదేరా" అని కళ్ళనీళ్ళు పెట్టుకున్నవాడు ఈ భూమ్మీద ఒక్కడే. ఆయన మా డైరెక్టరు బావ.

బావంటే మా పెద్దనాన్న అల్లుడు. పెద్దనాన్నకి గుంటూరులో మిర్చి కొట్టుండేది. పల్లెల నుంచి రైతులు బండ్లమీద తెచ్చిన కాయ అమ్మిపెట్టే వ్యాపారం. బడి మానేశాక నేనూ ఆ కొట్లోనే చేరాను. ఎర్రకాయలోంచి తెల్లబారిన తాలుకాయ ఏరి పక్కన పోయడం నా ఉద్యోగం. ఆ ఇంట్లో కొడుకులు లేరు, ఉన్నది మా అక్క ఒక్కతే. కాబట్టి అల్లుడొచ్చి కొట్లో కూర్చుంటాడని పెద్దనాన్న ఆశ. అల్లుడికేమో మిరపకాయ పడదు. గుమ్మంలో కాలు పెడితే తుమ్ము, గద్దె మీద కూర్చుంటే తుమ్ము, దండం పెట్టిన రైతుకి తుమ్ముతోనే జవాబు. గుంటూరంతా గాలించి మిరపకాయ పడనివాణ్ణి ఏరి మరీ అల్లుడిగా తెచ్చుకున్నాడని కొట్లో హమాలీలు చాటుగా నవ్వుకునేవాళ్ళు.

ఆ తుమ్ములు తట్టుకోలేక బావ పెళ్ళయిన కొత్తలోనే మద్రాసు పారిపోయి, కొంతకాలం ఏదో స్టూడియోలో ఉండి వచ్చాడు. అక్కడ అసిస్టెంటు డైరెక్టరుగా చేశానని ఆయన చెప్పేవాడు. హీరో మీద ఎండ పడకుండా గొడుగు పట్టేవాడని అక్క చెప్పేది. ఏం పట్టినా, తిరిగొచ్చేటప్పుడు మాత్రం ఒక జత నల్లకళ్ళద్దాలు పట్టుకొచ్చాడు. వాటిని పగలూ తీసేవాడు కాదు, రాత్రీ తీసేవాడు కాదు. వాటితోనే భోజనానికి కూర్చుని, పప్పనుకుని పులుసూ, పెరుగనుకుని సున్నమూ కలుపుకోబోతే, అక్క విస్తరి పక్కనే కూర్చుని గుడ్డివాడికి చెప్పినట్టు, "కుడివైపు వంకాయండీ, ఎడమవైపు నేనండీ" అని చెబుతుండేది.

బావ సిద్ధాంతం ఏమిటంటే, దేవుళ్ళ బొమ్మలు అందరూ తీస్తారు, ప్రేమ బొమ్మలు అందరూ తీస్తారు, తెలుగువాడికి ఇంతవరకూ సరైన దయ్యం మాత్రం దొరకలేదు. పైగా దేవుడికి కిరీటం కావాలి, హీరోయినుకి పట్టుచీరలు కావాలి, దయ్యానికైతే బొగ్గు చాలు. అలా బొగ్గు మీద నమ్మకంతో సొంత కంపెనీ ఒకటి పెట్టి, కథా, మాటలూ, దర్శకత్వమూ, నిర్మాణమూ అన్నీ తన పేరనే రాసుకున్నాడు. (తర్వాత బొమ్మ వేసినప్పుడు ఆయన పేరు తెరమీద అన్నిసార్లు వచ్చేసరికి, మిషను చెడిపోయి ఒకే ముక్క తిరుగుతోందని జనం గోల చేశారు.) బొమ్మ పేరు 'కొరివి దయ్యం'. చీకట్లో నోట్లో నిప్పు పెట్టుకుని పొలాల్లో తిరుగుతుందంటారే, అది.

పెద్దనాన్న ఈ కథంతా ఓపికగా విన్నాడు. బేరం జరుగుతున్నప్పుడు ఆయన ఎప్పుడూ అంతే, ముందు మాట్లాడడు. అంతా విని, కండువా దులుపుకుని అల్లుడితో అన్నాడు: "దయ్యాల బొమ్మంటున్నారు కదా. సరే. బొమ్మ చూసి ఒక్క మనిషి, ఒక్కడు చాలు, నిజంగా జడుసుకుంటే మీరు మద్రాసు వెళ్ళండి, మా అమ్మాయిని కూడా తీసుకెళ్ళండి. ఒక్కడూ జడుసుకోకపోతే ఆ అద్దాలు తీసి గూట్లో పెట్టి, వచ్చి నా పక్కన కొట్లో కూర్చోండి. ఇంకోమాట. తూకం కోసం నీళ్ళు చల్లి తెచ్చిన కాయ నాకు వాసనకే తెలిసిపోద్ది. మనుషుల్ని పెట్టి అరిపిస్తారేమో, నీళ్ళు చల్లిన భయం కూడా తెలిసిపోద్ది."

అలా బావ జీవితమంతా ఎవడో ముక్కూమొహం తెలియని ఒక పిరికివాడి మీద ఆధారపడింది. ఆ వారమంతా బావ ఇంట్లో నడుస్తూ నడుస్తూ ఆగి, ఎవర్ని చూస్తే వాళ్ళని, "నీకు దేనికి భయం?" అని అడిగేవాడు. అక్క, "మీరు తియ్యబోయే బొమ్మకి" అంది. నా దగ్గరికొచ్చి అడగబోయి, నోరు తెరిచి, అలాగే ఉండిపోయాడు. అద్దాలు నా మొహానికి ఆనేంత దగ్గరికొచ్చి నన్ను చూశాడు. వేషగాడు దొరికాడు.

షూటింగు ఒంగోలు వైపు ఒక పొగాకు బ్యారన్‌లో. ఆకు కాల్చే రోజులు కావు కాబట్టి అది ఖాళీగా ఉంది. బయటినుంచి చూస్తే కిటికీలు లేని పొడుగాటి మట్టి కట్టడం, లోపలంతా మసి. దాన్ని చూసి బావ, "కోట" అన్నాడు. దాని సొంతదారు, "ఏ కోట?" అని చుట్టూ వెతుక్కున్నాడు. రాకుమారి వేషానికి ఒక నాటకాల కంపెనీ ఆవిణ్ణి పిలిపించారు. ఆవిడ రాకుమారిగా వేయబట్టి చాలాకాలమైంది, ఇప్పుడు ఆవిడ కూతురు ఇంకో కంపెనీలో రాణి వేషం వేస్తోంది. కెమెరామను గుంటూరులో ఫోటోస్టూడియో పెట్టుకున్న సాయిబుగారు. నెమ్మదైన మనిషి, పనిమంతుడు. పెళ్ళిళ్ళకీ పేరంటాలకీ ఫోటోలు తీసీ తీసీ ఆయన నోటికి ఒక అలవాటు పడిపోయింది. లైటు వెయ్యగానే, "కొంచెం నవ్వండి" అనేవాడు. మనం వేషంలో ఉన్నామా, శవంగా పడుకున్నామా అన్నది ఆయనకి సంబంధం లేదు. లైటు వెలిగితే ఆ మాట రావలసిందే. ఆయన అనగానే నేను కూడా పళ్ళన్నీ బయటపెట్టేవాణ్ణి. "సాయిబుగారూ, వాడు దయ్యమండీ" అని బావ మొత్తుకునేవాడు. "అలాగేనండీ" అని ఆయన సర్దుకుని, మళ్ళీ లైటు వెలగగానే "కొంచెం నవ్వండి" అనేవాడు. పని పూర్తయ్యేసరికి ఆ మాటతో నాకు పని లేకుండా పోయింది. ఎక్కడ లైటు వెలిగినా నా పళ్ళు వాటంతటవే బయటికొచ్చేవి.

నోట్లో నిప్పుకి చిన్న ప్రమిద, దాన్లో కర్పూరం, దానికొక ఇనపతీగె. తీగె పళ్ళమధ్య కరిచిపట్టుకుని గర్జించాలి. నా మీసం మొదటిరోజే పోయింది. (కొత్తగా వస్తున్న మీసం. దాని మీద నాకు ఆశలుండేవి.) అసలు ముచ్చట మాత్రం పొగ రోజున జరిగింది. దయ్యం రాకుమారి ఎదుటికొచ్చే ఘట్టంలో కోటంతా పొగ కమ్ముకోవాలన్నాడు బావ. గడ్డి తగలబెడితే పొగ కెమెరాకి చాలలేదు. "ఇంకేదన్నా వెయ్యండ్రా" అని అరిచాడు. మా సామాను తెచ్చిన బండివాడు మా కొట్టు బండివాడే. బండిలో ఒక మూల గోతంతో తాలుకాయ ఉండిపోతే, అమ్మకానికి రానిది కదా అని తెచ్చి మంటలో గుమ్మరించాడు. కిటికీలు లేని బ్యారనూ, గోతం మిరపకాయలూ. ఇంక చెప్పేదేముంది. రాకుమారి వలవలా ఏడ్చింది. దయ్యం ప్రమిద వదిలేసి నడుముదాకా వంగి దగ్గింది. బావ 'కట్' అన్నాడట గానీ, ఆ దగ్గుల్లో అది కూడా ఒక దగ్గులాగే వినపడింది. సాయిబుగారు మాత్రం తడితువ్వాలు మొహానికి కట్టుకుని, ఆపమని ఎవరూ చెప్పలేదు కాబట్టి, తీస్తూనే ఉన్నాడు. అంతా బయటికొచ్చి పడ్డాక, బావ చెట్టు కింద కూర్చుని తుమ్ముల మధ్య ఆనందంగా అన్నాడు, "చూశార్రా ఆ కన్నీళ్ళు? మందు చుక్కలేస్తే వచ్చే కన్నీళ్ళా అవి?"

బొమ్మ పూర్తయింది. మద్రాసులో ఎవరిచేతో గర్జన చెప్పించి నా దగ్గుకి అతికించారు. గుంటూరు హాళ్ళవాళ్ళెవరూ ముట్టుకోలేదు. చివరికి పెదకాకాని దగ్గర డేరా వేసిన టూరింగు టాకీసాయన, వేరే బొమ్మ డబ్బాలు సమయానికి రాక, గతిలేక ఒప్పుకున్నాడు. అప్పుడు జరిగిందండీ అసలు ఘోరం. బొమ్మ సంగతి ఊళ్ళల్లో చెప్పడానికి మైకు కట్టిన బండొకటి ఉండేది. దాంట్లో కూర్చుని అరిచే మనిషిని అందరూ మైకు బాబాయి అనేవాళ్ళు. బావ చీటీ మీద శుభ్రంగా 'కొరివి దయ్యం' అని రాసిచ్చాడు. బండి కుదుపులకి చీటీ ఎగిరిపోయింది. మైకు బాబాయి పుట్టింది గుంటూరు, పెరిగింది గుంటూరు. పండుమిరపకాయలు చింతపండు వేసి నూరి, ఏడాదంతా జాడీలో పెట్టుకుని తినే మనిషి. అలాంటివాడి నాలుక మీద 'కొరివి' అన్నాక రాగలిగిన మాట ఒక్కటే. "రండి బాబూ రండి, నేడే చూడండి, ఒళ్ళు గగుర్పొడిచే, కళ్ళు చెదిరే, కొరివికారం" అని ఊరూరా చాటొచ్చాడు. అరుగుల మీద ఆడవాళ్ళు, "ఇంతకీ తెర మీద నూరతారా, చేతిలో ముద్ద పెడతారా?" అని బండి ఆపి అడిగారట.

బావ ఇదంతా సాయంత్రం డేరా దగ్గర తెలుసుకున్నాడు. అప్పటికే జనం విరగబడి ఉన్నారు. ఆ జనాన్ని చూసి సంతోషించాలో, వాళ్ళు వచ్చిన కారణం చూసి ఏడవాలో తెలియక, అద్దాలు సర్దుకుంటూ వెనక గుంజకి ఆనుకుని నిలబడ్డాడు. ముందు వరసలో పెద్దనాన్న. ఆయన పక్కన ఒక కుర్చీ ఖాళీ, ఆ పక్కన నేను. ఆ ఖాళీ కుర్చీలో కూర్చోవలసిన మనిషి గురించి ఇక్కడ చెప్పాలి. ఒంగోలు వైపు పెద్ద రైతు, ఎద్దుల మామయ్య అనేవాళ్ళం. మేలుజాతి గిత్తల్ని పెంచుతాడు, రంకెలేస్తున్న ఆంబోతు ఎదురొచ్చినా పక్కకి తప్పుకోడని పేరు. ఆయన రెండో అమ్మాయిని నాకు అడుగుతున్నారు. పిల్లాణ్ణి ఇంకా చూడలేదు, చూసి చెప్తానన్నాడు. పెద్దనాన్న ఆయన్ని ఇంటికి పిలవకుండా తిన్నగా డేరాకే రమ్మన్నాడు, మనవాడు బొమ్మలో కూడా ఉన్నాడని తెలిస్తే విలువ పెరుగుతుందని. బస్సు ఆలస్యమై, దీపాలార్పేశాక ఆయన వచ్చి మా మధ్య కూర్చున్నాడు. నేను చీకట్లో నమస్కారం పెట్టాను. అది ఎవరికి అందిందో తెలియదు.

బొమ్మ మొదలైంది. కొంతసేపు జనం మర్యాదగానే కూర్చున్నారు. నోట్లో నిప్పుతో నేను తెర మీదికి రాగానే నేల తరగతిలోంచి ఒకడు తాపీగా, "ఒరేయ్, వాడి నోరు మండుతోంది, నెయ్యి వెయ్యండ్రా" అన్నాడు. అంతే. డేరా గుడ్డ లేచిపోయిందనుకున్నాను. తర్వాత పొగ ఘట్టం వచ్చింది. రాకుమారి కళ్ళు తుడుచుకుంటోంది, ముక్కు చీదుతోంది, దయ్యం దగ్గుతోంది. కొరివికారం చూడ్డానికొచ్చిన జనానికి ఇంతకంటే ఏం కావాలి. "అమ్మాయికి అన్నం పెట్టండమ్మా, ఒట్టి కారం తినేసింది" అని ఒకావిడా, "ఏ ఊరి కాయరా అది, ఇంత ఘాటుంది" అని ఒక రైతూ. పెద్దనాన్న కూడా ఆ మాటకి ముందుకు వంగి, మంటలో కాయ ఎవరి కొట్టుదో పోల్చుకున్నట్టు చూశాడు. నేను వెనక్కి తిరిగి బావకేసి చూశాను. మనిషి గుంజని కావలించుకుని ఉన్నాడు. కొట్లో గద్దె, పక్కన మామగారు, బతుకంతా తుమ్ములు, అన్నీ ఆ అద్దాల వెనక తిరుగుతున్నాయని తెలుస్తూనే ఉంది.

ఒక్క ఆశ మిగిలింది. చివర్లో నా మొహం తెరనిండా వస్తుంది. బావ తన ప్రాణమంతా దాని మీదే పెట్టుకున్నాడు. వచ్చింది. నుదురు డేరా పైకప్పుకి తగులుతోంది, గడ్డం నేల మీద కూర్చున్నవాళ్ళ తలలకి తగులుతోంది, మధ్యలో సాయిబుగారి పుణ్యమా అని పళ్ళన్నీ బయటే. జనం పడీపడీ నవ్వుతున్నారు. అప్పుడు గమనించాను, నా పక్క కుర్చీ వణుకుతోంది. ఎద్దుల మామయ్య కండువా నోటికడ్డం పెట్టుకున్నాడు, భుజాలు అదురుతున్నాయి. నా గుండె గంతులేసింది. బావ బతికాడు, ఒక్కడు దొరికాడు అనుకున్నాను. సరిగ్గా అప్పుడే బొమ్మ అయిపోయింది. ఆ డేరాలో రీళ్ళు చీకట్లోనే మార్చేవాళ్ళు, బొమ్మంతా అయ్యాకే లైటు. లైటు వెలిగింది. నేను అలవాటు ప్రకారం పళ్ళన్నీ బయటపెట్టి, కాబోయే మామగారికేసి తిరిగాను.

ఆయన లేచి నిలబడ్డాడు. కండువా జారిపోయింది, తీసుకోలేదు. చెప్పులు కుర్చీ కిందే ఉన్నాయి, వేసుకోలేదు. జనాన్ని తోసుకుంటూ, డేరా గుడ్డ పైకెత్తి దారి కాని దారిన బయటపడ్డాడు. డేరాలో నవ్వులు ఆగిపోయాయి. ఎద్దుకి జడవని మనిషి జడుసుకోవడం అందరూ చూశారు. పెద్దనాన్న నెమ్మదిగా వంగి, ఆ చెప్పులు చేతిలోకి తీసుకుని, శాంపిలు కాయ చూసినట్టు అటూ ఇటూ తిప్పి చూశాడు. తర్వాత వెనక్కి తిరిగి, డేరా అంతా వినపడేట్టు చెప్పాడు: "ఎండు భయమే. నీళ్ళు చల్లింది కాదు. అల్లుడుగారూ, మీరు మద్రాసు వెళ్ళొచ్చు."

బావ అద్దాలు తీసి కళ్ళు తుడుచుకున్నాడు. మద్రాసు నుంచి వచ్చాక ఆయన కళ్ళు నేను చూడటం అదే మొదటిసారి. (మామూలుగానే ఉన్నాయి. ఇన్నాళ్ళూ దాచవలసినంత ఏమీ లేదు.) తెల్లారేసరికి ఎద్దుల మామయ్య దగ్గర్నుంచి సంబంధం వద్దని కబురొచ్చింది. అక్క పెట్టె సర్దుకుంటూ, "నీ పెళ్ళి తగలేసి నాకు మద్రాసు తెచ్చావురా తమ్ముడూ" అంది. నవ్వుతూనే అంది గానీ, నా చెయ్యి చాలాసేపు వదల్లేదు.

ఆ తర్వాత బావ మద్రాసులో చాలా బొమ్మలే తీశాడు. ఎలుగుబంట్లు పెంచిన అడవిపిల్ల కథొకటి తీశాడు, దాన్లో ఎలుగుబంటికి జిప్పు కనపడుతుంది. చేతి తొడుగు వేసుకుని హత్యలు చేసేవాడి కథొకటి తీశాడు, హంతకుడెవరో చెప్పే రీలు దారిలో పోయి, ఆ ముక్క లేకుండానే ఆడించారు. కొన్ని ఊళ్ళవాళ్ళకి ఆ హంతకుడెవరో ఇప్పటికీ తెలియదు. ఏ బొమ్మా రెండో వారం చూడలేదు. బావ మాత్రం ఎవరి దగ్గరా తలవంచలేదు, పేరున్న వాళ్ళ కంపెనీల్లో చేతులు కట్టుకుని నిలబడలేదు. ఇంకో బొమ్మ తీసేవాడు. మొదటి బొమ్మకి వచ్చినంత జనం మళ్ళీ ఎప్పుడూ రాలేదు. ఆ జనం వచ్చింది పచ్చడి కోసమని ఆయనకి గుర్తుచేసే ధైర్యం మాలో ఎవరికీ లేకపోయింది.

నా పెళ్ళి సంగతి చెప్పలేదు కదూ. ఆ డేరా మా బొమ్మతోనే ఊళ్ళు తిరిగి తిరిగి ఒంగోలు వైపు వెళ్ళింది. అక్కడ ఎద్దుల మామయ్య రెండో కూతురు, నాకు తప్పిపోయిన ఆ పిల్లే, స్నేహితురాళ్ళతో వెళ్ళి చూసి, కళ్ళనీళ్ళొచ్చేదాకా నవ్వి, ఇంటికొచ్చి తండ్రితో, "మనింట్లో గిత్తలన్నీ గంభీరంగానే ఉన్నాయి నాన్నా, నవ్వించే మనిషి ఒక్కడన్నా ఉండనీ" అందట. ఏడాది తిరిగేలోగా పెళ్ళి జరిగింది. పీటల మీద మామగారు నా కాళ్ళు కడుగుతున్నంతసేపూ తల ఎత్తలేదు. భక్తి అనుకున్నాను.

మొన్నామధ్య బావ మా ఇంటికొచ్చాడు. జుట్టంతా తెల్లబడింది. అవే అద్దాలు, ఒక కొమ్మకి దారం చుట్టి ఉంది. కాఫీ తాగుతూ పాత కథే మళ్ళీ మొదలుపెట్టాడు. "ఎంతమంది ఎన్ని తీసినా, ఆంబోతుకి జడవని మనిషిని జడిపించిన డైరెక్టరుని నేనొక్కణ్ణేరా. అది చాలు నాకు" అన్నాడు. మా ఆవిడ ఇంకాస్త కాఫీ పోసి, "అవునన్నయ్యగారూ" అంది. ఆయన్ని బస్సెక్కించి వచ్చి, అరుగు మీద కూర్చుని, నాకు కూడా కాస్త గర్వం పుట్టింది. అద్దంలో చూసుకుంటే ఇప్పుడు నేనే కొరివి దయ్యానికి తాతలా ఉంటాను, అయినా అప్పటి ఆ కుర్రాడు, మీసం కాల్చుకుని ప్రమిద కరుచుకుని నిలబడ్డవాడు, ఎక్కడో లోపల ఇంకా లైటు కోసం చూస్తూ ఉంటాడు. ఆ ఊపులో మా ఆవిణ్ణి పిలిచి, ఏమాటకామాటే చెప్పుకోవాలి, తీసింది బావే అయినా మీ నాన్నని జడిపించిన వేషం నాది, నా నటన లేకపోతే బావకి మద్రాసు ఎక్కడిది అన్నాను.

ఆవిడ గ్లాసులు తీసుకుపోతూ గుమ్మంలో ఆగి, "పాపం ఆయన ముందెందుకులే అని ఇన్నేళ్ళూ ఊరుకున్నాను గానీ, బొమ్మలో దయ్యాన్ని చూసి మా నాన్న కుర్చీ అదిరేట్టు నవ్వుకున్నాడండీ. జడుసుకున్నది లైటు వెలిగాక" అంది.